వాగు అవతలి చెవి

జేగంట తిరిగొచ్చింది.

నలభై ఎనిమిదేళ్ళుగా కంచు కొడుతున్నాను. నా చేతి నుంచి వెళ్ళిన పెద్ద జేగంట ఒక్కటీ వెనక్కి రాలేదు. ఈ ఏడు ఏప్రిల్ నెలాఖరున పార్సిలు బండివాడు వచ్చి, పాత దుప్పటి చుట్టిన మూటను మా కొలిమి గుమ్మంలో దించి, సంతకం పెట్టమన్నాడు. తాడు నాదే. ముడి మాత్రం నాది కాదు, విప్పి మళ్ళీ వేశారు. లోపల ఒక చీటీ ఉంది.

“మాస్టారూ, దీనికి తోక లేవడం లేదు. క్షమించండి. హెరిన్.”

నా భుజం మీద నుంచి మెంగ్ కూడా చదివాడు. ముప్పై ఏళ్ళుగా నా దగ్గర సమ్మెట కొడుతున్నాడు. పని వచ్చు, నోరు ఆగదు.

“అన్నా, నీ గంటకి తోక లేదంట.”

“నోర్ముయ్.”

“నేనన్నానా ఏంటి? జర్మనీలో చదివొచ్చినామె అంది.”

మా వైపు జేగంటకు నాదం చివర పైకి లేవాలి. కొట్టగానే వచ్చే మోత ఎవడైనా తెప్పిస్తాడు. మోత అణిగి, ఇక అయిపోయింది అనుకున్నప్పుడు, అడుగు నుంచి నాదం మెల్లగా తల ఎత్తాలి. దాన్నే తోక అంటాం. పడమటి జొల్లా సీమ గంటలు ఉన్నచోటే సాగి ఆగిపోతాయి. మావి లేచి నిలబడతాయి. తోక లేవనిది గంట కాదు, మూకుడు. దాన్ని చేసినవాడే పగలగొట్టి మళ్ళీ మూసలో వెయ్యాలి. అమ్మకూడదు, ఊరికే ఇవ్వకూడదు, ఇంట్లో దాచకూడదు. మా గురువు నా మొదటి పదిహేడు గంటలను నా చేతే పగలగొట్టించాడు. పదిహేడోది పగలగొడుతూ ఏడిస్తే, ఆ పూట నాకు అన్నం పెట్టలేదు.

అంటే రెండే దారులు. హెరిన్ అబద్ధమాడుతోంది. లేదా నేను నా పేరు చెక్కి ఒక మూకుడు పంపించాను.

మర్నాడు పొద్దున్నే గంటను వీపున కట్టుకుని సియోల్ బస్సెక్కాను.

*

తక్ హెరిన్ సంగీతం కడుతుంది. పాటలు కాదు. వాయిద్యాల నాదాన్ని యంత్రాల్లోకి పంపి, మరోలా బయటికి తెప్పించి, హాలు నిండా స్పీకర్లు పెట్టి వినిపిస్తుంది. దానికి టిక్కెట్టు కొనుక్కుని వచ్చేవాళ్ళున్నారు.

ఇరవై రెండేళ్ళ కిందట మొదటిసారి మా ఊరు వచ్చినప్పుడు ఇరవయ్యారేళ్ళ పిల్ల. భుజాన టేపు యంత్రం, చేతిలో మైకులు. గోరంత మైకును మైనంతో నా గంటకు అంటించబోతే చెయ్యి మీద కొట్టాను.

“జలగలు పెడుతున్నావా?”

“కాదు మాస్టారూ, లోహం లోపల ఏం జరుగుతోందో విందామని.”

“లోపల ఏం జరుగుతుందో నన్నడుగు. కంచు ఏడుస్తుంది. అంతే.”

నా భార్య పిల్నమ్ నవ్వింది. ఆ పిల్లను వంటింట్లోకి తీసుకుపోయి సోయా పులుసు, అన్నం పెట్టింది. ఆ రోజు నుంచి హెరిన్ ఏటా శరత్కాలంలో వచ్చేది, ఆమెను పెద్దమ్మ అనేది. నాకు ఇష్టం ఉండేది కాదు. పిల్నమ్‌కు ఉండేది.

తరవాత ఆ పిల్ల జర్మనీ వెళ్ళింది. మూడేళ్ళు చదివింది. తిరిగొచ్చి ఏ పనీ దొరక్క, చిన్నపిల్లలకు పియానో నేర్పుతూ బతికింది. ఆ తరవాత, మా వాగుకు వరదొచ్చిన ఏడు, ఆమె దశ తిరిగింది. నా పెద్ద గంట ఒకటి పట్టుకెళ్ళి దాని వెనక అరచేతిలో పట్టేంత స్పీకరు అంటించింది. గంటను కొడితే ఆ నాదాన్ని మైకు పట్టుకుంటుంది. యంత్రం దాని శ్రుతి రవ్వంత పైకి జరిపి, ఆ స్పీకరు గుండా మళ్ళీ అదే గంటలోకి పంపుతుంది. ఎవరూ కొట్టకుండానే కంచు మళ్ళీ వణుకుతుంది. ఆరిపోయే నాదం లేచి నిలబడుతుంది.

దానికి జర్మనీలో బహుమతి ఇచ్చారు. తరవాత జపానులో. పేపరు వాళ్ళు దానికి పేరు కూడా పెట్టారు, ‘హెరిన్ తోక’ అని. మెంగ్ అది చదివి వినిపించినప్పుడు నేను ఒకటే అడిగాను.

“లేచిన తోకను మళ్ళీ లేపడం దేనికిరా?”

 పిల్నమ్ కిమ్చీకి క్యాబేజీ కోస్తూ తల ఎత్తలేదు.

ఆ వరద తరవాత ఏటా రెండో మూడో పెద్ద గంటలు చేసేవాణ్ణి. అన్నీ హెరినే తీసుకునేది. జర్మనీవాళ్ళు అడుగుతున్నారని పిల్నమ్ చెప్పేది. నాలుగిళ్ళ కొండ ఊళ్ళో, ఆరో తరగతి చదివినవాడి గంటలు జర్మనీలో మోగుతున్నాయని లోపల పొంగిపోయాను. బయటికి అనలేదు.

పిల్నమ్ పోయాక సంతాపం పాటించిన మూడు రోజులూ హెరిన్ రాలేదు. జర్మనీలో కచేరీ అట. ఇరవై రెండో రోజున వచ్చింది. పటం ముందు వంగి లేచి, ఆ తరవాత అడిగింది.

“పెద్దమ్మ నిలబడే చోట ఒక్క గంటసేపు మైకు పెట్టుకోనా మాస్టారూ? ఖాళీగా ఉన్నప్పుడు.”

చెప్పులు తీసి వీధిలో పడేశాను. నావి కావు, ఆమెవి. మళ్ళీ రాలేదు. నాలుగేళ్ళ తరవాత ఈ కొత్త గంట కావాలని అడిగింది కూడా మెంగ్ ద్వారానే.

*

పిల్నమ్ నిలబడే చోటు వాగు అవతల.

కొలిమి దగ్గర నిలబడి తోక వినలేం. మోతే చెవినంతా నింపేస్తుంది. పైగా కంచు కొట్టేవాడికి నలభై దాటితే చెవిలో తుమ్మెద చేరుతుంది. నిద్రలో కూడా పోదు. అందుకని మా పనిలో కొట్టేవాళ్ళు వేరు, వినేవాళ్ళు వేరు. మా గురువుకు ఆయన తల్లి వినేది. నాకు పిల్నమ్.

కంచును ఎర్రగా కాల్చి సాగగొట్టి, ఉప్పునీళ్ళలో ముంచి, గీకి, తాడుకు కన్నాలు పెట్టాక చివరి పని ఏడుపు పట్టించడం, అంటే నాదం కుదర్చడం. గంటను వేలాడదీసి, చిన్న సుత్తితో కడుపులో ఒక దెబ్బ, అంచున ఒక దెబ్బ వేసి, గుడ్డ చుట్టిన కర్రతో మోగిస్తాను. పిల్నమ్ వాగులో రాళ్ళ మీదుగా దాటిపోయి అవతలి చేలో నిలబడి వింటుంది. తల మీద తెల్లగుడ్డ ఉంటుంది. తోక లేస్తే గుడ్డ తీస్తుంది. లేవకపోతే కదలదు. నేను మళ్ళీ కొడతాను.

ఆ గుడ్డ దిగేదాకా నేను ఆగిందీ లేదు, ఆమెను కూచోనిచ్చిందీ లేదు. ఒకసారి మంచు పడుతుంటే నాలుగు గంటలసేపు నిలబెట్టాను.

“కాళ్ళు రాయైపోయాయయ్యా” అంది వచ్చి.

“తోక సంగతి చెప్పు” అన్నాను.

వరదొచ్చిన ఏడు ఇసుక బస్తాలు మోస్తుంటే నా కుడి భుజంలో నరం తెగింది. ఇక సుత్తి పట్టొద్దన్నాడు డాక్టరు. ఎడం చేత్తో కుడి మోచెయ్యి ఎత్తిపట్టుకుని కొట్టాను. తోకలు లేస్తూనే ఉన్నాయి. ఇంకా చెప్పాలంటే, మునుపటి కంటే త్వరగా గుడ్డ దిగేది. చెయ్యి చెడినా పనితనం ముదిరిందనుకున్నాను.

ఆమె పోయాక పెద్ద గంట చెయ్యలేదు. హెరిన్ అడిగిందని ఈ ఏడు చేశాను. మెంగ్‌ను అవతల నిలబెట్టాను.

“లేచిందా?”

“లేచినట్టే ఉందన్నా.”

గుమ్మడికాయ తట్టి పండిందో లేదో చెప్పలేడు వాడు. నేనే గంట వీపున వేళ్ళు ఆనించి చూశాను. వణుకు చాలాసేపు తెలిసింది. చాలనుకున్నాను.

*

బస్సులో పక్క సీటావిడ నా ఒళ్ళోని మూటను చూసింది.

“పులుసు కాచే మూకుడా తాతా?”

“అది తేల్చుకోవడానికే పోతున్నాను” అన్నాను.

హెరిన్ ఉండేది ఒక మేడ కింద నేలమాళిగలో. గోడలకు నల్లటి స్పాంజి. తలుపు తెరిచిన మనిషిని వెంటనే పోల్చుకోలేకపోయాను. జుట్టు నెరిసింది. నడుం వంచి దండం పెట్టి, “రండి మాస్టారూ, ఫోను చేస్తే బస్టాండుకు వచ్చేదాన్ని గదా” అంది.

నేను ఆమెను చూడటం లేదు. వెనక గదిలో బరువైన ఇనప దూలాలకు నా గంటలు వేలాడుతున్నాయి. వరసగా. నా పేరు చెక్కిన అంచులు. లెక్కపెట్టాను. ఇరవయ్యారు.

“ఇవి జర్మనీలో ఉండాలి గదా.”

“కచేరీలకు వెళ్ళొస్తుంటాయి మాస్టారూ.”

“జర్మనీవాళ్ళు కొన్నారన్నారు.”

ఆమె బార్లీ నీళ్ళు పోసి ఇచ్చింది. నేను తాగలేదు, కూచోలేదు. మూట విప్పి గంటను పైకి ఎత్తబోతే భుజం సహకరించలేదు. ఆమే తగిలించింది.

“తోక లేదని రాశావు. ఎవరి చెవితో విన్నావు?”

“నా చెవితోనే.”

“నీ చెవికి తోక నేర్పిందెవరు?”

“పెద్దమ్మ.”

“ఆమె పక్కన చేలో నాలుగుసార్లు నిలబడ్డంత మాత్రాన ఆమె చెవి వచ్చిందా నీకు?”

“నాలుగుసార్లు కాదు మాస్టారూ” అంది మెల్లగా. “కొట్టి చూపించనా?”

కొట్టింది. నాకు మోత వినపడింది. తరవాత నా తుమ్మెద వినపడింది. ఆమె ఎదురుగా ఉన్న తెర మీద ఒక గీత సాగుతూ పోయింది. నాదం లేస్తే గీత లేస్తుందట. ఆ గీత నేల మీద పడేసిన తాడులా చివరిదాకా పడుకునే ఉంది.

“జొల్లావాళ్ళు చేశారేమో నీ యంత్రాన్ని” అన్నాను.

ఆమె నవ్వలేదు.

“పాతది కొట్టు. పిల్నమ్ విన్నది.”

ఆమె కదల్లేదు. నేనే కర్ర లాక్కుని దగ్గరున్న గంటను కొట్టాను. తెర మీద గీత పోయి పోయి, చివర కాస్త వణికి, అలాగే ఆగిపోయింది. పక్కది కొట్టాను. అదీ అంతే. మరొకటి. మరొకటి. ఐదు కొట్టేసరికి చెయ్యి పైకి రాలేదు.

“యంత్రం చెడిపోయింది.”

“చెడిపోలేదు మాస్టారూ.”

“ఇవి పిల్నమ్ గుడ్డ తీసిన గంటలు.”

“అవును.”

“మరి?”

 హెరిన్ వెళ్ళి హెడ్‌ఫోను తెచ్చింది.

“మీకు వినిపించనని ఒట్టు వేశాను. కూచోండి. ఇది మాత్రం కూచుని వినాలి.”

కూచున్నాను. రెండు చెవుల మీదా పెట్టి, మోత బాగా పెంచింది. ముందు వాగు చప్పుడు వచ్చింది. మా వాగే. తరవాత దూరంగా గంట. అది ఆగాక, నా చెవి పక్కనే, నాలుగేళ్ళుగా లేని మనిషి ముక్కు ఎగబీల్చింది.

“లేవలేదే పిల్లా.”

నేను లేచి నిలబడ్డాను. హెరిన్ నా భుజం పట్టి కూచోబెట్టింది.

“లేవకపోతే గుడ్డ తీస్తున్నారేంటి పెద్దమ్మా?” అని అడుగుతోంది చిన్న వయసు హెరిన్.

“తియ్యకపోతే చీకటి పడేదాకా కొడతాడు. మొండి ఎద్దు. పొద్దున కొలిమి వెనక్కి పోయి భుజం పట్టుకుని ఏడ్చాడు. నాకు కనపడలేదనుకున్నాడు.” గుడ్డ దులిపిన చప్పుడు. “ఇదిగో, తీసేశాను. చూడు చూడు, ఎట్లా నడుం మీద చెయ్యేసుకుని నిలబడ్డాడో. రాజుగారు.”

ఇద్దరూ నవ్వుకున్నారు.

“మరి గంట? పగలగొట్టాలంటారు గదా.”

“ఆయనకి తెలిస్తే గదా పగలగొట్టేది. డప్పు మేళాలవాళ్ళకి అమ్మితే వారంలో పసిగడతారు, పరువు పోద్ది. నువ్వు పట్టుకుపో. నీకన్ని యంత్రాలున్నాయి, ఆ లేవని తోకేదో నువ్వే లేపరాదూ? జర్మనీవాళ్ళు అడిగారని చెప్తాలే. జర్మనీ అంటే ఆయనకి భలే గురి. ఎప్పుడూ చూళ్ళేదుగా.”

వాగు చప్పుడు. అంతటితో అయిపోయింది.

నా చేతులు మోకాళ్ళ మీద ఉన్నాయి. అవి నావేనా అన్నట్టు చూస్తూ కూచున్నాను.  

“వరదొచ్చిన ఏడా ఇది?”

“అవును.”

“తరవాతవి?”

“తరవాతవీ అంతే. పదకొండేళ్ళు.”

“నువ్వు ఏటా వచ్చి నా బల్ల దగ్గర కూచుని అన్నం తిన్నావు.”

“ఒట్టు వేయించుకుంది మాస్టారూ.”

“ఆమె పోయి నాలుగేళ్ళయింది. ఒట్టు ఎవరికి?”

హెరిన్ నా ఎదురుగా నేల మీద కూచుంది.  మాట తడబడలేదు.

“భయం వేసింది. పెద్దమ్మ అడిగిందని మొదటి గంటకు తోక లేపాను. జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. అప్పటికి నాకు ముప్పై మూడేళ్ళు. అప్పటిదాకా నేను కట్టినది ఎవరూ రెండోసారి వాయించలేదు. ఆ తరవాత నేను చేసినదంతా అదే పని. లేవలేనిదాన్ని లేపడం. మంచి గంట దానంతటదే లేస్తుంది. మంచి గంట దగ్గర నాకు పని లేదు మాస్టారూ. మీకు చెబితే మీరు ఇవన్నీ పగలగొడతారు. నా దగ్గర ఇంకేం మిగలదు.”

మనిషి ముఖం మీదే ఇలా చెబుతారని అనుకోలేదు. నా వైఫల్యం మీద ఈమె పదిహేనేళ్ళు బతికింది. దానికి బహుమతులు తీసుకుంది. దానికి తన పేరు పెట్టనిచ్చింది.

“మరి దీన్నెందుకు తిప్పి పంపావు? ఇదీ లేవలేనిదేగా. లేపుకో.”

“ప్రయత్నించాను. ఇందులో ఏమీ లేదు మాస్టారూ. మిగతావాటిలో కొంచెం ఉంటుంది. పెద్దమ్మ మరీ ఊరికే గుడ్డ తీసేది కాదు. తోక లేచే దగ్గరికి వచ్చేదాకా మిమ్మల్ని కొట్టించేది. ఆ కాస్తను పట్టుకునే నేను పైకి లాగేదాన్ని. ఇందులో పట్టుకోవడానికి ఏమీ లేదు.”

ఇది నేను ఒక్కణ్ణే చేసిన గంట. అబద్ధం చెప్పేవాళ్ళు కూడా లేకుండా చేసింది.

“అన్నీ పంపించు” అన్నాను. “ఇరవయ్యారూ.”

“నాకు తెలుసు అడుగుతారని. పెద్దమ్మ కూడా అంది, తెలిసినరోజున అడుగుతాడు, అడిగితే ఇచ్చెయ్యి అని.” ముక్కు తుడుచుకుంది. “శుక్రవారం పుసాన్‌లో కచేరీ ఉంది. అన్నీ ఒకచోట వాయించడం ఇదే మొదలు. అదయ్యాక పంపిస్తాను. అంతవరకు ఆగండి.”

“సోమవారానికి నా గుమ్మంలో ఉండాలి.”

“ఉంటాయి. ఒక్క నిమిషం మాస్టారూ. ఇంకొకటి వినాలి మీరు. ఒకే ఒక్కటి ఉంది...”

హెడ్‌ఫోను తీసి బల్ల మీద పడేశాను.

“చాలినంత విన్నాను.”

తిరిగొచ్చిన గంటను మళ్ళీ వీపున కట్టుకుని మెట్లెక్కాను. ఆమె వెనకాలే వీధిదాకా వచ్చి ఏదో అంటూనే ఉంది. నేను తిరిగి చూడలేదు.

*

కచేరీకి వెళ్ళలేదు. శనివారం మెంగ్ పేపరు పట్టుకొచ్చాడు.

“హాలంతా లేచి నిలబడిందంటన్నా. ఇరవయ్యైదు గంటలు ఒక్కసారే తోక లేపాయంట.”

“ఇరవయ్యారు.”

“ఇరవయ్యైదని వేశాడు.”

“పేపరువాడికి లెక్క రాదు.”

సోమవారం లారీ వచ్చింది. ఇరవయ్యారు గంటలూ దిగాయి. ప్రతి తాడుకూ అంకె వేసిన అట్టముక్క కట్టింది. వాటితోపాటు చిన్న పెట్టె, దాని మీద ఉత్తరం. పెట్టెలో బొమ్మలాంటి యంత్రం ఒకటి, పాట వినేది. ఉత్తరం విప్పలేదు. ఇరవై రెండేళ్ళలో ఆమె రాసిన ప్రతి ఉత్తరంలోనూ ఏదో ఒకటి అడిగింది. పెట్టెనూ ఉత్తరాన్నీ బియ్యం డబ్బా మీద పడేశాను.

కంచును ఎర్రగా కాల్చి ఉప్పునీళ్ళలో ముంచితే చేవ వస్తుంది, సమ్మెట దెబ్బకు కూడా పగలదు. అదే ముంచకుండా నేల మీద ఆరనిస్తే ఎండిన సొరబుర్ర అయిపోతుంది. చిన్న దెబ్బకు పగులుతుంది. రోజుకు ఆరు లెక్కన కాల్చాలనుకున్నాను. నేను ఒక్కణ్ణే చేసినదానితో మొదలుపెట్టాను.

అది పగలగొట్టేటప్పుడు మెంగ్ ఏమీ అనలేదు. రెండోది పట్టకారుతో పట్టుకుని కొలిమి ముందు ఆగిపోయాడు.

“అన్నా, ఇది వదినె విన్న గంట.”

“అందుకే.”

“ఒకసారి మోగించి చూద్దామా, పొయ్యిలో పెట్టేముందు?”

“ఎవరి చెవితో?”

పెట్టాడు. తాళ్ళు, అట్టముక్కలు పొయ్యిలోనే వేశాను. ఒక్కొక్కటి ఆరాక ఎడం చేత్తో కొట్టాను. వింత ఏమిటంటే, దీనికి భుజం అవసరం లేకపోయింది. చేసేటప్పుడు పదిమంది బలం కావాలి. పగలగొట్టడానికి నా ఒక్క ఎడం చెయ్యి చాలింది. ప్రతి దెబ్బకూ పిల్నమ్ మీద కోపం పెరిగింది. నన్ను మంచులో నిలబెట్టావని తిట్టి ఉండొచ్చు. నీ చెయ్యి పోయింది, మానెయ్యి ముసలాడా అని చెప్పి ఉండొచ్చు. అలా చెప్పినదాన్ని నేను కొట్టి ఉండేవాణ్ణేమో. అయినా చెప్పాల్సింది. వాగు అవతల నిలబడి నన్ను చూసి నవ్వింది. పదకొండేళ్ళు.

ఐదో రోజు మధ్యాహ్నానికి అన్నీ అయిపోయాయి. నేల మీద మోకాలెత్తు ముక్కల కుప్ప. మెంగ్ బియ్యపు కల్లు రెండు గిన్నెల్లో పోశాడు. తాగాక వాడి చేతులు ఊరికే ఉండలేదు. బియ్యం డబ్బా మీది ఉత్తరం తీసి చింపాడు.

“పారెయ్” అన్నాను.

“చూస్తే ఏం పోద్ది.” చదవడం మొదలుపెట్టి ఆపేశాడు.

“ఏం అడిగింది?”

“ఏం లేదన్నా.”

“చదువు.”

వాడు గొంతు సవరించుకున్నాడు. 

“మాస్టారూ, పగలగొట్టేముందు పద్నాలుగో అంకె గంటను వినండి. దాన్ని నేను ఏ కచేరీలోనూ వాయించలేదు. దానికి నా యంత్రం అక్కర్లేదు. పెట్టెలో పద్నాలుగు నొక్కండి.”

మెంగ్ నా ముఖం చూశాడు.  వాడు పెట్టె తెరిచి, చెవిలో పెట్టుకునేది నా చెవిలో పెట్టి, వెతుక్కుని నొక్కాడు.

వాగు. గంట. గంట ఆగలేదు. ఎక్కడో అణిగి, మళ్ళీ బయల్దేరింది. నా తుమ్మెదను తోసుకుంటూ లేచింది. ఎన్నేళ్ళ తరవాతో విన్నాను. చిన్నప్పుడు మా గురువు గంటల్లో విన్నది అదే.

“హెరినూ.” పిల్నమ్ గొంతు గుసగుసగా ఉంది. “హెరినూ, లేచిందే.”

“లేచింది పెద్దమ్మా.”

“విను, ఇంకా పోతోంది. ఆ చెయ్యితో ఎట్లా కొట్టాడే.” నాదం ఇంకా సాగింది. తరవాత గుడ్డ దులిపిన చప్పుడు. “చూడు, మామూలుగానే సుత్తి కింద పెట్టేశాడు. ఆయనకి తెలీదు.”

“చెప్పండి మరి. పరిగెత్తుకెళ్ళి చెప్పండి.”

“ఏమని చెప్పేది? రోజూ తీసే గుడ్డే గదా ఇవాళా తీశాను. ఇది నిజంగా లేచిందంటే, మిగతావి ఏంటి అంటాడు.”

ఆమె ఏడుస్తోందో నవ్వుతోందో నాకు తెలియలేదు. ముప్పై తొమ్మిదేళ్ళు కాపురం చేశాను, తెలియలేదు.

చెవిలోది తీసేశాను. లేచి కుప్ప దగ్గరికి వెళ్ళాను. కాలిన ముక్కలన్నీ ఒకే రంగు. కొన్ని అంచుల మీద నా పేరులో సగం ఉంది. అంకెలు బూడిదైపోయాయి. రెండు ముక్కలు తీసి ఒకదానికొకటి తాకించాను. పెంకుల చప్పుడు వచ్చింది. ఇంకో రెండు తీశాను.

“ఏరొద్దన్నా” అన్నాడు మెంగ్. “ఏరితే రాదు.”

హెరిన్‌కు నేను ఎప్పుడూ ఫోను చేయలేదు. మెంగ్ కలిపి ఇచ్చాడు.

“పద్నాలుగు పగలగొట్టాను” అన్నాను. “వినకుండా.”

అవతల గాలి పీల్చిన చప్పుడు.

“నేను చెప్పబోయాను మాస్టారూ. వీధిలో కూడా.”

“తెలుసు.”

“నేనే లారీతో రావాల్సింది. మీరు వెళ్ళగొడతారని రాలేదు.”

“వెళ్ళగొట్టేవాణ్ణే.”

 నేను ఫోను మెంగ్‌కు ఇచ్చేశాను. నా గంటలు లేకుండా ఆమె ఇప్పుడు ఏం కడుతోందో నాకు తెలియదు. అడగను. ఆమెను క్షమించలేదు. పిల్నమ్‌నూ క్షమించలేదు. మూడోవాణ్ణి నేనే, వాడి సంగతి చెప్పక్కర్లేదు.

మెంగ్ ముక్కలను పారతో బస్తాలకు ఎత్తాడు. ఆరు బస్తాలయ్యాయి.

“రేపు మూస పెట్టనా అన్నా?”

“దేనికి?”

“ఇంత కంచు ఉంది గదా.”

“వినేదెవరు?” అన్నాను.

వాడు సూదీ పురికొసా తెచ్చుకుని బస్తాల మూతులు కుట్టడం మొదలుపెట్టాడు.